తమది కాని పాసుపుస్తకము
(ఒక డాక్యుమెంటరీ చిత్రమును గూర్చి కొన్ని మాటలు)

మా బరంపురములోని తెలుగు సంఘము మహిళావిభాగమువారు ఈ యేటి ఉగాదినాడు, పంచాంగశ్రవణము, పద్యపఠనము ముగిసిన పిమ్మట, గోడకు తెల్లని దుప్పటి కట్టి ఒక చిన్న డాక్యుమెంటరీ చిత్రమును చూపిరి. పండుగపూట దక్షిణాఫ్రికా గొడవ మనకేల యని నొసలు చిట్లించిన పెద్దలలో మేమును ఒకరము. చిత్రము ముగియునప్పటికి మా నొసలు సర్దుకొన్నది గాని మనస్సు సర్దుకొనలేదు. సంచికకు ఏదైన వ్రాయుడని కార్యదర్శిగారు కోరినప్పుడు, ఆ సర్దుకొనని సంగతినే వ్రాయుట మేలని తోచినది.

మేము పండితులము కాము. మెట్రిక్యులేషను చదివి, ముప్పదియైదేండ్లు ఒక కచేరీలో గుమాస్తాపని చేసి, ఇప్పుడు పించను పుచ్చుకొనుచున్నవారము. చలనచిత్రకళను గూర్చి తీర్పు చెప్పు అర్హత మాకు లేదు. అయితే ఈ చిత్రమునకు మూలవస్తువు కాగితము. స్త్రీల చేత బలవంతముగా పెట్టబూనిన పాసుపుస్తకము ఒక కాగితము. అది వలదని వారు సమర్పించిన మహజరు మఱియొక కాగితము. కాగితముల సంగతి మాకు కొంత తెలియును. ఆ ధైర్యముతోనే ఈ నాలుగు మాటలు వ్రాయుచున్నాము.

చిత్రము పేరు 'యూ హావ్ స్ట్రక్ ఎ రాక్'. మీరు బండను తాకితిరని దాని యర్థము. డెబోరా మే అను నామె దర్శకత్వమున 1981లో వెలువడినది. నిడివి 28 నిమిషములు. 1956 ఆగస్టు 9వ తేదీన ప్రిటోరియా నగరమున సుమారు 20,000 మంది స్త్రీలు ప్రభుత్వభవనములకు నడచిపోయిన సంఘటన దీనికి గుండెకాయ వంటిది. ఉద్యమమున పాల్గొన్న స్త్రీలే వయస్సు మీరిన పిమ్మట తమ కథను తాము చెప్పుకొందురు. ఆ మాటల నడుమ పాత ఫిల్ముముక్కలు, ఛాయాచిత్రములు, పాటలు వచ్చుచుండును. చిత్రము ఇంగ్లీషున నున్నది. పాఠశాలలో పనిచేసి విరమించిన ఒక ఉపాధ్యాయినిగారు నడుమ నడుమ ఆపించి తెలుగున చెప్పుచు వచ్చిరి.

ముగిసిన తరువాత రెండు ప్రశ్నలు పుట్టినవి. మొదటిది మా పెద్దలలో ఒకరు వేసినది: "ఆ పాసుపుస్తకము ఆఫ్రికా జాతి స్త్రీలకు గదా! చీరలు కట్టిన మన భారతీయ స్త్రీలు అందులో ఏల కలిసిరి?" రెండవది కళాశాలలో చదువుకొను ఒక బాలిక వేసినది: "తాతగారూ, ఇంతమంది నడచి చివరకు సాధించినదేమి?" ఈ రెండు ప్రశ్నలకు మేము ఆనాడు బదులు చెప్పలేకపోతిమి.

ముందుగా పూర్వకథ కొంత చెప్పవలెను. 1948లో వర్ణవివక్షను రాజ్యనీతిగా చేపట్టిన పక్షము దక్షిణాఫ్రికాలో అధికారమునకు వచ్చినది. 1952లో వారొక చట్టము చేసిరి. దాని పేరు 'పాసుల రద్దు, పత్రముల సమన్వయ చట్టము'. పేరు చూచి పాసుల పీడ విరగడైనదని మురిసినవాడు మోసపోయినట్లే. పాత పాసులను తీసివేసి, వానినన్నిటిని ఒకటిగా చేర్చిన పుస్తకమును ఆఫ్రికా జాతి పురుషుని చేతిలో పెట్టిరి. అందులో ఫోటో, పన్ను కట్టిన గుర్తు, నెలనెలా యజమాని చేయవలసిన సంతకము. వీథిలో పోలీసు అడిగినప్పుడు చూపలేనివాడు చెరసాలకు పోవలసినదే. మేము కచేరీలో ఎన్నియో చట్టములకు, ఉత్తరువులకు ప్రతులు తీసితిమి. పేరునకును పనికిని ఇంత విరోధము గల చట్టము మా చేతిమీదుగా పోలేదు.

ఆ పుస్తకమును స్త్రీలకు కూడ ఇయ్యబూనుటతో గొడవ ముదిరినది. 1956 మార్చిలో ఆరెంజ్ ఫ్రీ స్టేటులోని విన్‌బర్గ్ అను చిన్న పట్టణమున పంపిణీ మొదలిడిరి. అక్కడి స్త్రీలు తమకిచ్చిన పుస్తకములను కుప్పవేసి కాల్చిరి. తల్లి వీథిలో పట్టుబడి ఠాణాకు పోయినచో, ఇంటిలోని పసిబిడ్డకు పాలిచ్చువారెవరు? ఇదియే వారి వాదము. సంసారము తెలిసినవారెవరికైన అర్థమగు మాట.

1954 ఏప్రిల్‌లో జోహానెస్‌బర్గ్‌లో దక్షిణాఫ్రికా స్త్రీల సమాఖ్య ఏర్పడినది. 1955 అక్టోబరు 27న సుమారు 2,000 మంది స్త్రీలు ప్రిటోరియాకు ఒకమారు పోయి వచ్చిరి. మఱుసటి యేడు పదింతలైరి. 1956 ఆగస్టు 9 గురువారము. దొరల యిండ్లలో పనిచేయు స్త్రీలకు గురువారము సెలవు. ఆనాడు నగరమున ఊరేగింపులు నిషేధించిరి. ఊరేగింపు కూడదని యన్నందున ఇద్దఱిద్దఱుగా, ముగ్గురు ముగ్గురుగా నడచిపోయిరి. ఇద్దఱు స్త్రీలు మాటలాడుకొనుచు పోవుట ఊరేగింపు కాదు గదా! వీపున బిడ్డలను కట్టుకొన్నవారు కొందఱు. తాము పెంచుచున్న దొరల బిడ్డలను ఎత్తుకొని వచ్చినవారు కొందఱు. ఇట్లు చిల్లర చిల్లరగా వచ్చినవారే భవనముల ముందర సముద్రమైరి. చట్టములోని అక్షరమును చట్టమునకే అప్పగించిన ఆ నేర్పును చూచి, గుమాస్తాలమైన మేము లోలోపల చేతులు జోడించితిమి.

ఆ భవనములు సామాన్యమైనవి కావు. కొండచఱియను అర్ధచంద్రాకారముగా 1913లో పూర్తియైన ఆ యూనియన్ భవనములను కట్టించిన శిల్పి హెర్బర్ట్ బేకర్. మన న్యూఢిల్లీలోని సెక్రటేరియట్ భవనములకు నమూనా గీసినవాడు నాతడే. దొరతనము తన గొప్పను రాతిలో చెప్పుకొన్న కట్టడములు రెండును. అట్టి మెట్లమీదుగా నలుగురు స్త్రీలు మహజరుల కట్టలు మోసికొని లోనికి పోయిరి. లిలియన్ ఎన్గోయీ కుట్టుపని చేసి బ్రదికిన ఆఫ్రికా జాతి స్త్రీ. హెలెన్ జోసెఫ్ ఇంగ్లండున పుట్టిన శ్వేతజాతి స్త్రీ. రహీమా మూసా భారతీయ సంతతికి చెందిన కార్మికోద్యమ కార్యకర్త. సోఫియా విలియమ్స్ మిశ్రజాతికి చెందిన 18 ఏండ్ల పిల్ల. ప్రధాని స్ట్రైడమ్ వారికి కనబడలేదు. వారు కట్టలు అక్కడ విడిచి వచ్చిరి. పిమ్మట ఎన్గోయీ మాటమీద ఆ 20,000 మంది అరగంటసేపు చేయెత్తి మౌనముగా నిలిచిరి. ఆపైన పాడిరి.

ఇక చిత్రము గుణదోషములు. మొదటి గుణము, దీనిలో పెద్దమనుష్యుల వ్యాఖ్యానము లేకుండుట. చరిత్ర పండితులు కుర్చీలలో కూర్చుండి, ఆ స్త్రీలు ఏమనుకొనిరో మనకు చెప్పరు. స్త్రీలే చెప్పుదురు. ముడుతలు పడిన ముఖములు, నిదానమైన మాట, నడుమ నవ్వు. మన యిండ్లలో అమ్మమ్మలు వరండాలో కూర్చుండి పాత కఱవు సంగతి, తుపాను సంగతి చెప్పునట్లే యుండును. తాము వీరవనితలమని వారనుకొన్నట్లు తోచదు. ఆ కాలపు ఫిల్ముముక్క తరువాత ఈ కాలపు ముఖము వచ్చినప్పుడు, నడుమ గడచిన పాతికేండ్లు ఏమి చేసినవో చూపరికి ఎవరును చెప్పకయే తెలియును.

రెండవ గుణము ఇంకను గొప్పది. చిత్రము వెలువడిన 1981లో పాసుచట్టము ఇంకను అమలులోనే యున్నది. కనుక జయభేరి మ్రోగించి ముగించు వీలు దర్శకురాలికి లేదు. ఆమె మ్రోగించనులేదు. నేడు ఆ దినమును తలచుకొను సభలలో అది గెలుపు దినమైనట్లు పలుకువారు కలరు. గెలుపు తెలియక ముందు తీసిన చిత్రము గనుక దీనిలో ఆ కల్తీ లేదు. బడిపిల్లలకు ఏది చూపవలెనని మమ్ము అడిగినచో, పిమ్మట వచ్చిన వేడుకచిత్రముల కంటె దీనినే చూపుడందుము.

దోషములు రెండు చెప్పవలెను. ఆనాటి పాటనుండియే చిత్రమునకు పేరు గ్రహించిరి. ఆ పాటలోని జూలూ మాట 'ఇంబొకొడో'. ఇంగ్లీషున రాక్ అనగానే కొండబండ మనస్సునకు వచ్చును. ఇంబొకొడో కొండబండ కాదు. ధాన్యము నూరుకొను చేతిరాయి. మన భాషలో చెప్పవలెనన్న పొత్రము. కొండబండకు కదలిక లేదు, పని లేదు. పొత్రము ప్రతి యింటను, ప్రతి దినమును ఆడుదాని చేతిలో అరగుచు, అరగించుచు ఉండునది. తమ బలమునకు ఉపమానమును వారు కొండమీద వెదకలేదు, వంటింటనుండి తెచ్చుకొనిరి. 2000 సంవత్సరమున ఆ భవనములయొద్ద వారి స్మారకముగా నిలిపినది నూరుడురాయియే. మన వివాహములలో వధువుచేత సన్నికల్లు తొక్కించి, రాతివలె స్థిరముగా నుండుమని దీవించు ఆచారము గలదు. ఆ మాట తెలుగువారికి ఎంత దగ్గఱ! ఇంగ్లీషు పేరులో ఆ వంటింటి వాసన పోయినది. ఇది దర్శకురాలి తప్పుకంటె భాష తప్పని చెప్పవచ్చును గాని, తెలుగున చెప్పునప్పుడైన 'బండ' అనక 'పొత్రము' అనవలెనని మా మనవి.

రెండవది, ఆ దినమునకు ముందున్న పని మాకు తనివితీర కనబడలేదు. 20,000 మంది ఒకనాడు ఒకచోటికి ఊరక చేరరు. ఎవరో మహజరు ప్రతులు తీసిరి. ఎవరో ఇల్లిల్లు తిరిగి సంతకములు చేయించిరి. చదువురానివారికి చదివి వినిపించిరి. రైలుఛార్జీలకు అణా అణా పోగుచేసిరి. ఇది వెన్నెముక వంటి పని. అరగంట చిత్రమున అన్నియు ఇముడవని ఎఱుగుదుము. అయినను పాటలలో ఒకటి తగ్గించి, సంతకము పెట్టుచున్న ఒక చేతిని ఇంకొంతసేపు చూపినచో బాగుండెడిదని గుమాస్తాల కోరిక.

ఇప్పుడు మా పెద్దలు వేసిన మొదటి ప్రశ్న. తమకు లేని పాసుపుస్తకమునకై భారతీయ స్త్రీలు ఏల నడచిరి?

ఈ ప్రశ్న మనకు పరాయిది కాదు. 1860 నవంబరు 16న 'ట్రూరో' అను ఓడ మద్రాసునుండి కూలివారిని తీసికొని డర్బను చేరినది. అప్పటినుండి 1911 వఱకు 1,52,000కు మించిన భారతీయులు ఒప్పందపుకూలీలుగా నెటాలు చేరిరి. వారిలో విశాఖపట్నము, గంజాము, ఉత్తర ఆర్కాటు జిల్లాల తెలుగువారు చాలమంది. 1936లో ఒడిస్సా ఏర్పడువఱకు మా గంజాము మద్రాసు రాజధానిలోనిదే. చెఱకుతోటలలో చాకిరిచేసిన ఆ తెలుగువారి సంతతి 1931లో అక్కడ ఆంధ్ర మహాసభను స్థాపించుకొనినది. మనవలెనే వారును ఇతరుల నడుమ తెలుగును నిలుపుకొన యత్నించినవారు.

ఆ భారతీయులకు కాగితపు బాధ తెలియును. 1908 ఆగస్టు 16న జోహానెస్‌బర్గ్‌లో గాంధీగారి నాయకత్వమున రెండువేలకు పైగా రిజిస్ట్రేషను పత్రములను కాల్చిరి. 1913లో క్రైస్తవేతర వివాహములు చెల్లవను తీర్పు వచ్చినప్పుడు, మూడు పౌనుల పన్ను పీడించుచున్నప్పుడు, కస్తూరిబాయిగారు మొదలగు స్త్రీలు జైలుకు పోయిరి. ట్రాన్స్‌వాలు స్త్రీలు, ముఖ్యముగా తమిళ స్త్రీలు, న్యూకాజిల్ గనులకు పోయి కూలీలచేత పని మాన్పించిరి. పదునాఱేండ్ల వళ్లియమ్మ జైలులో జబ్బుపడి, 1914 ఫిబ్రవరిలో మరణించినది. చిత్రమేమన, ఆ 1913లోనే బ్లూమ్‌ఫాంటేన్‌లో ఆఫ్రికా జాతి స్త్రీలు కూడ పాసులను ధిక్కరించి జైలుకు పోయిరి. ఒకే దేశమున, ఒకే యేడు, రెండు జాతుల స్త్రీలు రెండు కాగితములమీద వేఱువేఱుగా పోరాడిరి. ఎవరి పోరాటము వారిదే.

1956 నాటికి ఆ రెండు త్రోవలు కలిసినవి. మహజరు మోసిన నలుగురిలో పాసుపుస్తకము భయము గలది ఒక్క ఎన్గోయీకే. తక్కిన మువ్వురికి అది తమది కాదు. హెలెన్ జోసెఫ్ సంగతి తెలుగువారు ప్రత్యేకముగా తెలిసికొనదగినది. ఆమె దక్షిణాఫ్రికా చేరక ముందు, 1927 మొదలు మూడేండ్లు మన హైదరాబాదులోని మహబూబియా బాలికల పాఠశాలలో ఉపాధ్యాయినిగా నుండినది. ఇంగ్లండున పుట్టి, హైదరాబాదున పాఠము చెప్పి, ప్రిటోరియాలో ఇతరుల బరువు మోసినది. 'మనకేల' యని ఆమె అనుకొన్నచో అడుగడుగున సాకు దొరికెడిది.

రెండవ ప్రశ్న, బాలిక వేసినది: సాధించినదేమి? ఉన్నదున్నట్లు చెప్పవలెను. ఆనాడు ఏమియు సాధించలేదు. స్ట్రైడమ్ 1958లో మరణించువఱకు తన మాట మార్చలేదు. 1956 డిసెంబరులో 156 మందిని రాజద్రోహ నేరముపై పట్టుకొనిరి. అందులో ఎన్గోయీ, జోసెఫ్ ఉన్నారు. అందఱు విడుదలయగునప్పటికి 1961 వచ్చినది. 1960 మార్చి 21న షార్ప్‌విల్‌లో పాసులను ధిక్కరించినవారిపై పోలీసులు కాల్పులు జరుపగా 69 మంది చనిపోయిరి. 1962లో జోసెఫ్‌ను ఇంటిలోనే నిర్బంధించిరి. 1963లో ఆఫ్రికా జాతి స్త్రీలందఱికి పాసుపుస్తకము విధిగా చేసిరి. అనగా, మహజరు తిరస్కృతమైనది.

పాసుచట్టములు 1986లో పోయినవి. నడచిన నాటినుండి సరిగా 30 ఏండ్లు. అందఱికి ఓటు 1994లో వచ్చినది. 1995 నుండి ఆగస్టు 9 ఆ దేశమున స్త్రీల దినముగా సెలవు. ఎన్గోయీ 1980లో, జోసెఫ్ 1992లో, రహీమా మూసా 1993లో కన్నుమూసిరి. నలుగురిలో మువ్వురు ఆ ఓటు దినమును చూడలేదు. పదునెనిమిదేండ్ల పిల్లగా వెళ్లిన సోఫియా చూచినది. అమ్మాయీ, నీ ప్రశ్నకు మా బదులిది: మహజరు పెట్టినవారికే ఫలము దక్కునని నియమము లేదు. కాని పెట్టినట్లు ఒక లెక్క ఉండవలెను. ఆ లెక్క లేనిచో, తరువాతివారు మొదటినుండి మొదలిడవలసి వచ్చును.

ఇంత వ్రాసిన పిమ్మట మా సంగతి ఒకటి దాచుట న్యాయము కాదు. చిత్రము చూచి ఇంటికి వచ్చు త్రోవలో మా గృహిణి, "ఆ కొళాయి కాగితము జ్ఞాపకమున్నదా?" అని అడిగినది. లేకేమి! ఇరువదియేండ్ల క్రిందటి మాట. మా వీథి వెనుక పేటలో ఊడ్పుపని చేసికొను ఒరియా కుటుంబములుండెడివి. వారికి నీటికొళాయి లేదు. ఆ పేట స్త్రీలు పదిమంది ఒక అర్జీ వ్రాయించుకొని, మా తెలుగువీథివారు కూడ సంతకములు చేసినచో బరువుండునని మా గడప యెక్కిరి. మా గృహిణి కలము తీసినది. మేము ఆ కాగితమును చదివి, అక్షరదోషము ఒకటి దిద్ది, మడిచి తిరిగి యిచ్చితిమి. "మన వీథికి కొళాయి ఉన్నది. పరాయి రాష్ట్రములో ఉన్నవారము, మనకెందుకు?" అంటిమి. వారేమియు అనలేదు. రెండు వేసవులు గడచిన పిమ్మట వారికి కొళాయి వచ్చినది. ఆ అర్జీమీద మా పేరు లేదు.

పరాయి రాష్ట్రము! మా ముత్తాతగారు పుట్టినది ఈ యూరనే. రహీమా మూసా ఆ మాట అనియుండవచ్చును గదా, అనలేదు.

మన సంఘములవారము ఏటేట మహజరులు పెట్టుదుము. తెలుగు ఉపాధ్యాయుడు కావలెనందుము, తెలుగు పాఠ్యపుస్తకములు కావలెనందుము. న్యాయమైన కోరికలే. అవి మానవలెనని మేము చెప్పుట లేదు. కాని హోసూరున, బళ్లారిలో, షోలాపురమున, రాయగడలో, ఎక్కడ నున్నను, పొరుగువారి మహజరుమీద మన సంతకములెన్ని యని ఒకమారు లెక్క చూచుకొనవలెను. మన స్త్రీలు కలము తీసినప్పుడు దానిని పట్టుకొని ఆపిన చేతులు ఎవరివో కూడ చూచుకొనవలెను. ఒకటి మాది.

ఈ 28 నిమిషముల చిత్రమును తక్కిన సంఘములవారును తమ మహిళావిభాగములచేత చూపింపవలెనని కోరుచున్నాము. చూపినప్పుడు పెద్దలను ముందువరుసలో కూర్చుండబెట్టుడు. మా యూర మేము వెనుకవరుసలో, తలుపు దగ్గఱ, లేచిపోవుటకు వీలుగా కూర్చుంటిమి.